‘బొమ్మ పడ్డదా?’

హన్మకొండలో మా మామ ఇప్పటికీ మల్టీప్లెక్సుకు లేటయితే ఫోన్ చేసి ‘బొమ్మ పడ్డదా?’ అనే అడుగుతడు. నాటకం మొదలైతది, మ్యాచ్ మొదలైతది, మరి సినిమాకే ఈ పడుడేంది?

— వెలుగు పడుతుంది, నీడ పడుతుంది కదన్నా, అట్లనే. తోలుబొమ్మలాటలో తెల్లగుడ్డ మీద పడేదీ నీడే. బొమ్మ, ఆట రెండూ అక్కడి నుంచే వచ్చాయని నా అనుమానం, రెండో ఆట అంటాం కదా.

— రీలు ప్రొజెక్టర్ నడుస్తుంటే దగ్గర నుంచి చూసినవాళ్లకు ఆ మాట ఇంకా బాగా ఎక్కుతుంది. ఫిల్ము సాఫీగా జారిపోతుందనుకుంటాం గానీ గేటు దగ్గర, అంటే దీపం వెలుగు ఫిల్ములోంచి దాటే చోట, అది ఆగుతుంది. మాల్టీస్ క్రాస్ అనే చక్రం ఫిల్మును నాలుగు రంధ్రాల మేర కిందికి గుంజి ఆపుతుంది, ఫ్రేము కదలకుండా నిలబడుతుంది, అప్పుడే తెర మీద వెలుగు. గుంజేటప్పుడు షట్టర్ రెక్క అడ్డమొస్తుంది. సెకనుకు 24 సార్లు ఇదే పని, క్యాబిన్ బయటికి వినిపించే టకటక అదే. రెక్కలు రెండు, రెండోది నిలబడ్డ ఫ్రేముకు మధ్యలో ఓసారి అడ్డమొస్తుంది కాబట్టి వెలుగు 48 సార్లు పడుతుంది, లేకపోతే తెర మిణుకుమిణుకుమంటుంది. అంటే బొమ్మ పడేటప్పుడు కదలదు, కదిలేటప్పుడు పడదు. ‘ఆడుతోంది’ అనేది మన కన్ను.

— మరి పాట కూడా అదే ఫిల్ము మీద ఉంటది కదా, అదెందుకు ఆగి ఆగి వినిపించదు?

— సౌండు చదివేది గేటు దగ్గర కాదు, అక్కడి నుంచి 20 ఫ్రేముల అవతల, మూరెడుకు కాస్త తక్కువ. ఆ మధ్యలో ఆపరేటర్ ఫిల్మును లూపుగా వదులు వదులుతాడు. కుదుపంతా లూపులోనే పోతుంది, సౌండు చదివే డ్రమ్ము మీదికి వచ్చేసరికి ఫిల్ము ఒకే తీరుగా నడుస్తుంది. లూపు పెద్దదైతే మూతి ముందు, మాట తర్వాత. లూపు పోయిందంటే ఫ్రేము గేట్లో నిలబడదు, బొమ్మ ఎగురుతుంది, ఇగ నేల క్లాసులో ఈలలే ఈలలు.

— 2,000 అడుగుల రీలు 22 నిమిషాల్లో అయిపోయేది. ఒకే ప్రింటు రెండు టాకీసుల్లో నడిచినప్పుడు డబ్బా పట్టుకొని సైకిల్ మీద ఉరికే పిల్లగాడు ఉండేవాడు కదా, వరంగల్ దిక్కు ఆయనను ఏమని పిలిచేవాళ్లో ఎవరికన్నా ఎరుకేనా?