ఫుట్‌బాల్ ప్రపంచ కప్ ఆడని వాలెంటీనో మజ్జోలాను ఇటలీ అత్యుత్తమ మిడ్‌ఫీల్డర్ అనవచ్చునా?

పాత బంతి:
టురిన్ నగరానికి చెందిన టొరీనో క్లబ్ కెప్టెన్ వాలెంటీనో మజ్జోలాను మించిన మిడ్‌ఫీల్డర్ ఇటలీలో పుట్టలేదని తరచు అంటుంటారు. నాకు ఈ మాటపై అభ్యంతరం ఉంది. జాతీయ జట్టుకు ఆయన ఆడినవి 12 మ్యాచ్‌లు, చేసినవి 4 గోల్స్. 1948 మే నెలలో టురిన్ నగరంలోనే ఇంగ్లండ్ చేతిలో ఇటలీ 0-4తో చిత్తుగా ఓడినప్పుడు ఆయన మైదానంలోనే ఉన్నారు. ఆయనకు ముందు అదే స్థానంలో ఆడిన జొవాన్నీ ఫెర్రారీకి 1934, 1938 ప్రపంచ కప్‌లు, ఎనిమిది లీగ్ టైటిళ్లు ఉన్నాయి. 1949 మే 4న లిస్బన్ నుంచి తిరిగివస్తున్న టొరీనో విమానం టురిన్ దగ్గరి సుపెర్గా కొండపై బసిలికా (పెద్ద చర్చి) వెనుక ప్రాకారాన్ని ఢీకొని 31 మంది మరణించారు; ముప్పయ్యేళ్ల మజ్జోలా వారిలో ఒకరు. ఆ విషాదం మన అంచనాను పెంచుతున్నదేమో ఆలోచించాలి.

లెక్కల చిట్టా:
12 అన్న అంకెను ఆ కాలం నుంచి విడదీసి చూడటం న్యాయం కాదు. ఆయన తొలి అంతర్జాతీయ మ్యాచ్ 1942 ఏప్రిల్‌లో క్రొయేషియాపై జరిగింది. ఆ నెల దాటిన తరువాత 1945 నవంబరు దాకా ఇటలీ అసలు అంతర్జాతీయ మ్యాచే ఆడలేదు. అంటే ఇరవై మూడు నుంచి ఇరవై ఆరేళ్ల వరకు, ఏ ఆటగాడికైనా పదునెక్కే వయసును, యుద్ధం మింగేసింది. 1942, 1946 ప్రపంచ కప్‌లు జరగనే లేదు. ఇక లీగ్‌లో టొరీనోకు ఐదు టైటిళ్లు వచ్చాయి. 1946-47లో ముందువరుస మధ్యలో నిలబడే స్ట్రైకర్ కాకపోయినా 29 గోల్స్‌తో లీగ్‌లో అగ్రస్థానం ఆయనదే.

మూడో అంపైర్:
(ఈ పేరు క్రికెట్‌ది, మన్నించండి.) అసలు ప్రశ్న వేరని నా అభిప్రాయం. 1947 మే 11న హంగరీని 3-2తో ఓడించిన ఇటలీ జట్టులో గోల్‌కీపర్ తప్ప మిగిలిన పదిమందీ టొరీనో వారే. అంతటి జట్టులో గొప్పతనం ఒక్కరిదని ఎలా తేల్చగలం?

లెక్కల చిట్టా:
టొరీనోకు రాకముందు ఏం చేశారో చూస్తే తేలుతుంది. మజ్జోలా, ఎజియో లోయిక్ ఇద్దరూ ఉన్న వెనిస్ నగర క్లబ్ వెనేజియా 1941లో ఇటలీ దేశవాళీ కప్ అయిన కొప్పా ఇటాలియా గెలిచి, మరుసటి సీజన్‌లో లీగ్‌లో మూడో స్థానంలో నిలిచింది. 1942లో టొరీనో అధ్యక్షుడు ఫెర్రుచ్చో నోవో ఇద్దరినీ కలిపి తీసుకున్నారు. ఆ తరువాత వెనేజియాకు అంతటి పెద్ద ట్రోఫీ మళ్లీ దక్కలేదు. టొరీనో సొంత మైదానమైన ఫిలడెల్ఫియాలో ప్రేక్షకుల్లోంచి బాకా మోగగానే మజ్జోలా చొక్కా చేతులు పైకి మడిచేవారని, అప్పటినుంచి జట్టు ఆట వేగమే మారిపోయేదని చెబుతారు. కథలో కొంత అతిశయం ఉండవచ్చు గాని, 1947-48లో ఆ జట్టు చేసిన 125 గోల్స్ కథ కాదు.

పాత బంతి:
వెనేజియా ఉదాహరణ బలమైనదే, అయితే అందులో లోయిక్ వాటా కూడా ఉంది. జరగని టోర్నీలను మజ్జోలాకు లోటుగా చూపకూడదన్న మాటతో నాకు పేచీ లేదు; అదే న్యాయంతో వాటిని ఆయన ఖాతాలో జమ కూడా వేయకూడదు. యుద్ధానంతర ఇటలీలో ఆయనే అగ్రగామి అనేంతవరకు సమ్మతిస్తాను. ఫెర్రారీని దాటించాలంటే మాత్రం ఇంగ్లండ్ స్థాయి జట్టుపై ఆయన ఒక్కరోజైనా ఆటను తన చేతుల్లోకి తీసుకున్నట్లు చూపండి.