మా పాపకి "రాడెగుండ్" అని పేరు పెట్టమంటున్నారు. అసలు దీని అర్థమేంటి, ఎవరీవిడ?

ప్రశ్న (ఎర్ఫుర్ట్‌లో ఉంటాను)

అందరికీ నమస్తే. నాకు ఎనిమిదో నెల. ఆడపిల్ల అని చెప్పారు. మావారు జర్మన్. ఇన్నాళ్ళూ లీలా, మీరా లాంటి, రెండు వైపుల వాళ్ళకీ నోరు తిరిగే పేర్లే లిస్టులో పెట్టుకున్నాం.

పోయిన ఆదివారం మావారి బామ్మగారు ఒక పాత బాప్టిజం కాగితం తెచ్చి టేబుల్ మీద పరిచారు. మడతల దగ్గర చిరిగితే వెనక టేపు అతికించి ఉంది. అందులో ఆవిడ తల్లి పేరుంది. పాత జర్మన్ చేతిరాత, నాకు ఒక్క అక్షరం తెలియలేదు. ఆవిడే వేలు పెట్టి "రాడెగుండ్" అని చదివారు. ఇంట్లో అందరూ గుండి అనే పిలిచేవారట, పూర్తి పేరు ఆవిడకీ సరిగ్గా గుర్తు లేదు. "అమ్మతో పాటే పోయింది ఈ పేరు, మళ్ళీ ఒకసారి వినాలనుంది" అన్నారు. మావారు ఏమీ మాట్లాడకుండా కాఫీలో చెంచా తిప్పుతూ కూర్చున్నారు. అంటే ఆయనకీ మనసులో ఉందన్నమాట.

నా టెన్షన్ మీకు వేరే చెప్పాలా? ముందు రాడ్, వెనక గుండు. మా అమ్మకి ఫోన్‌లో చెబితే రెండు నిమిషాలు నవ్వు ఆపుకోలేకపోయింది. పేర్ల సైట్లలో "యుద్ధంలో సలహా" అని అర్థం రాశారు. పసిపిల్లకి అదేం పేరు? చరిత్ర తెలిసినవాళ్ళెవరైనా ఉంటే చెప్పండి. వద్దనడానికైనా నాకు ఒక కారణం కావాలి.

జవాబు (ఇద్దరు పిల్లల తండ్రి)

కారణం మీరే చెప్పారు కదండీ, రాడ్, గుండు. ఇంకేం కావాలి! సరదాకి అన్నాను, ఏమీ అనుకోకండి. బామ్మగారి మాట తీసెయ్యలేకపోతే రెండో పేరుగా పెట్టెయ్యండి. కాగితాల మీద తప్ప ఎవరూ పిలవరు.

జవాబు (పాత మాటల పిచ్చి)

చెల్లీ, వద్దనడానికి కారణం అడిగావు. నేను చెప్పేది వింటే అది దొరక్కపోవచ్చు, ముందే చెబుతున్నా. లైప్‌జిగ్‌లో జర్మన్ భాషాచరిత్ర చదువుకున్నాను, ఇప్పుడు అనువాదాలతో పొట్టపోసుకుంటున్నాను. నా పేరు జ తో మొదలవుతుంది. ఈ దేశంలో ఇరవై రెండేళ్ళుగా అందరూ య తోనే పిలుస్తున్నారు. కాబట్టి పేరు నోట్లో పడి ఏమవుతుందో నాకూ కాస్త అనుభవమే.

ముందు ఆ "యుద్ధంలో సలహా" సంగతి. పాత జర్మానిక్ పేర్లు చాలావరకు రెండు ముక్కలు. "రాడ్" అంటే ఆలోచన చెప్పడం, సలహా. ఇప్పటి జర్మన్‌లో "రాట్" అదే మాట. మీ ఊరి రాట్‌హౌస్‌లో (నగరపాలక భవనం) ఉన్న రాట్ కూడా అదే. కోన్రాడ్, ఆల్‌ఫ్రెడ్ పేర్ల చివర ఉన్నదీ ఇదే ముక్క. "గుండ్" అంటే పోరు. గుంటర్, కునిగుండె పేర్లలో కనిపిస్తుంది. అయితే ఈ రెండూ కలిపి "యుద్ధంలో సలహా ఇచ్చేది" అని ఒక వాక్యం చేసి పిల్లకి పెట్టేవాళ్ళు కాదు. ఆ కాలంలో పేరు ముక్కలు ఇంటి సొత్తు. తండ్రి పేరులోంచి ఒకటి, తల్లి పేరులోంచి ఒకటి తీసి బిడ్డకి కలిపి పెట్టేవారు. ఇంగ్లండ్‌లో వుర్‌స్టర్ బిషప్ వుల్ఫ్‌స్టాన్ ఉన్నాడు, 11వ శతాబ్దం. తండ్రి ఎథెల్‌స్టాన్, తల్లి వుల్ఫ్‌గీవు. కొడుకు వుల్ఫ్‌స్టాన్. తోడేలు, రాయి అని విడగొట్టి అర్థం చెప్పబోతే నవ్వులపాలే. హిల్డెగుండ్ అనే పేరు చూడు, రెండు ముక్కలకీ అర్థం యుద్ధమే. యుద్ధయుద్ధం అని ఏ తల్లయినా కావాలని పెడుతుందా?

అలాగని అర్థాలు వాళ్ళకి తెలియవనీ కాదు. 1016లో చనిపోయిన ఇంగ్లండ్ రాజు ఎథెల్‌రెడ్‌కి "అన్‌రెడ్" అని వెక్కిరింపు పేరు తగిలించారు. ఎథెల్‌రెడ్ అంటే గొప్ప ఆలోచన, అన్‌రెడ్ అంటే ఆలోచన లేనివాడు. పేరులోని ముక్కతోనే వాత పెట్టారు.

ఇక నీ రాడ్ భయం. ఇది కాస్త ఓపిగ్గా చదువు. ఈ "రాట్" అనే మాటని భాషాశాస్త్రవేత్తలు సంస్కృతంలోని రాధ్ ధాతువుతో కలిపి చూస్తారు. రాధ్ అంటే నెరవేర్చడం, సాధించడం. మన ఆరాధన అందులోంచి వచ్చిందే. రాధ కూడా! మన వైపు "ధ" ఉన్న చోట జర్మానిక్ వైపు "డ" రావడం మామూలే. మన విధవ ఇంగ్లీషులో విడో, మన రుధిరం వాళ్ళ రెడ్. "గుండ్" సంగతికొస్తే, అది హన్ ధాతువుకి దాయాది. హత్యలో ఉన్న హన్. "హ"కీ "గ"కీ ఏం సంబంధం అంటావేమో, శత్రుఘ్నుడి పేరు చివర చూడు. ఆ "ఘ్న" కూడా హన్ లోంచి వచ్చిందే. కాబట్టి మీ అమ్మగారు ఈసారి నవ్వితే, సగం రాధ, సగం శత్రుఘ్నుడు అని చెప్పు.

ఒక్క జాగ్రత్త. జర్మన్‌లో "రాడ్" అనే ఇంకో మాటుంది, చక్రం అని. సైకిల్‌ని కూడా అలాగే అంటారు. అది మన రథానికి చుట్టం. ఈ పేరుకి దానితో సంబంధం లేదు గానీ, స్కూల్లో పిల్లలు సైకిల్ అని ఏడిపించడం మాత్రం ఖాయం. గుండు అని ఏడిపించేవాళ్ళు అక్కడ ఉండరుగా!

ఇప్పుడు అసలు మనిషి, ఈ పేరుతో చరిత్రలో నిలిచిన రాణి, సెయింట్ రాడెగుండ్. ఆమె మీ వైపు పిల్లే. ఎర్ఫుర్ట్ ఇప్పుడు థూరింగియా రాష్ట్ర రాజధాని కదా, ఆ కాలపు థూరింగియా రాజ్యంలో 520 ప్రాంతంలో పుట్టింది. తండ్రి బెర్తహార్‌ని సొంత అన్నదమ్ముడు హెర్మన్‌ఫ్రీడే చంపేశాడు. ఈ పిల్ల ఆ చంపినవాడి ఇంట్లోనే పెరిగింది. 531లో ఫ్రాంకులు (ఇప్పటి ఫ్రాన్స్ వైపు ఏలినవాళ్ళు) దండెత్తి ఉన్‌స్ట్రుట్ నది దగ్గర థూరింగియన్లని ఓడించారు. దోపిడీ సొమ్ముతో పాటు ఈ పిల్లనీ, ఆమె తమ్ముణ్ణీ కూడా పంచుకున్నారు. అక్కాతమ్ముళ్ళిద్దరూ ఫ్రాంకుల రాజు క్లోతార్ వాటాకి వచ్చారు. అప్పటికి ఆమెకి పదకొండేళ్ళు ఉంటాయేమో. ఉత్తర ఫ్రాన్స్‌లో ఆతీ అనే చోట ఉంచి చదువు చెప్పించాడు, 540 ప్రాంతంలో పెళ్ళి చేసుకున్నాడు. ఆయనకి అదొక్కటే పెళ్ళి కాదులే.

550 దాటుతుండగా క్లోతార్ ఆమె తమ్ముణ్ణి చంపించాడు. ఆమె ఇక ఆ ఇంట్లో ఉండలేదు. సరాసరి నుఆయోఁ బిషప్ మెదార్ దగ్గరికి వెళ్ళి సన్యాసం ఇమ్మంది. రాజుగారి భార్య! ఆయన తటపటాయిస్తే, తనే ఆ బట్టలు వేసుకుని వచ్చి ఎదురుగా నిలబడిందట. ఆయన ఇక కాదనలేకపోయాడు. తర్వాత పువాతియే ఊళ్ళో మఠం పెట్టింది. అందులో పెద్ద పదవి తను తీసుకోలేదు, ఆగ్నెస్ అనే ఆమెని కూర్చోబెట్టి తను మామూలు సన్యాసినిగా ఉంది. అక్కడ పాటించిన నియమాల ప్రకారం సన్యాసినులందరూ చదవడం నేర్చుకోవాలి, రోజూ రెండు గంటలు చదువుకోవాలి. ఆరో శతాబ్దంలో ఆడవాళ్ళకి ఇది!

569లో కాన్‌స్టాంటినోపుల్ చక్రవర్తి రెండో జస్టిన్ ఆమెకి, ఏసుని వేసిన శిలువలోదని నమ్మే చెక్క ముక్క పంపాడు. అది వచ్చిన సందర్భానికి ఫోర్తునాతుస్ అనే కవి రాసిన కీర్తన క్యాథలిక్ చర్చిల్లో ఇప్పటికీ పాడతారు. ఆమె 587 ఆగస్టు 13న పోయింది.

నాకు మాత్రం ఆమె పేరు మీదున్న లాటిన్ కవిత ఒకటి మరీ ఇష్టం, థూరింగియా నాశనం గురించి. ఆమె రాసిందా, ఆమె తరఫున ఫోర్తునాతుస్ రాశాడా అని పండితులు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. కాన్‌స్టాంటినోపుల్‌కి వెళ్ళిపోయిన అమల్‌ఫ్రీడ్‌ని, అంటే ఆ హెర్మన్‌ఫ్రీడ్ కొడుకుని ఉద్దేశించి, చిన్నప్పుడు ఎత్తుకుని ఆడించావు, ఒక్క ఉత్తరం ముక్కయినా రాయవేం అని అడుగుతుంది. మఠంలో ఉన్న యాభయ్యేళ్ళ ఆవిడ! ఊరు వదిలొచ్చినవాళ్ళకి అది చదివితే గొంతు పట్టేస్తుంది.

ఇంకో సంగతి. ఆ కాగితం మీద పేరు చివర ఇంకో అక్షరం ఉందేమో భూతద్దం పెట్టి చూడు. కురెంట్ అనే ఆ పాత జర్మన్ చేతిరాతలో "ఎ" అక్షరం మనకి అలవాటైన ఆకారంలో ఉండదు, దగ్గరగా గీసిన రెండు చిన్న గీతల్లా ఉంటుంది. మడత దగ్గరైతే ఇట్టే కనపడకుండా పోతుంది. "ఉ" అక్షరం మీద చిన్న నెలవంక గీత ఉంటుంది, అది ఆనవాలుగా పెట్టుకుని అక్కణ్ణుంచి లెక్కపెట్టుకో.

జవాబు (ఫ్రాన్స్‌లో ఉద్యోగం)

నేను పువాతియే వెళ్ళాను. ఆమె పేరుతో ఉన్న చర్చిలో, మెట్లు దిగి కిందికి వెళితే నల్లటి రాతి సమాధి ఉంటుంది. తల వంచుకుని దిగాలి. నేను వెళ్ళినప్పుడు అక్కడ ఒక పెద్దావిడ కొవ్వొత్తి వెలిగించి, రాయి మీద చెయ్యి ఆనించి చాలాసేపు నిలబడ్డారు.

సమాధి కంటే నాకు నచ్చింది ఆమెదని చెప్పే చెక్క పుస్తకపీఠం. ఫొటోలోనే చూశాననుకోండి, దాన్ని అక్కడి సన్యాసినులు దాచుకున్నారు. ఒళ్ళో పెట్టుకునేంత చిన్నది, ఏటవాలుగా ఉంటుంది. మధ్యలో గొర్రెపిల్ల చెక్కి ఉంది. పద్నాలుగు వందల ఏళ్ళ నాటి చెక్క!

ఆ వైపు ఇంకో కథ కూడా చెప్పుకుంటారు. రాజు మనుషులు వెంటపడితే ఆమె అప్పుడే ఓట్స్ విత్తిన పొలంలోకి పరిగెత్తిందట, పైరు ఆ క్షణాన ఏపుగా పెరిగి ఆమెని కప్పేసిందట. కథే అనుకోండి. ఫ్రెంచివాళ్ళు పేరుని "రాద్‌గోంద్" అంటారు. గుండు గొడవే లేదు!

ప్రశ్న అడిగిన నేనే

అక్కా, రాత్రి మూడింటికి మెలకువ వచ్చి అంతా చదివాను. మావారిని లేపి మరీ చెప్పాను. పాపం, ఆయన ఈ ఊరివాడే అయ్యుండి ఉన్‌స్ట్రుట్ యుద్ధం సంగతి తెలియదు. ఒక డౌట్. గూగుల్ చేస్తుంటే ఎవరో రాణి హత్యలు చేయించిందని వస్తోంది. ఆవిడేనా ఈవిడ?

జవాబు (పాత మాటల పిచ్చి)

కాదు, కాదు! నువ్వు చూసింది ఫ్రెడెగుండ్ అయ్యుంటుంది. క్లోతార్ కొడుకు హిల్పెరిక్ భార్య, అంటే మన రాడెగుండ్‌కి సవతి కోడలు. 597లో పోయింది. హత్యలు చేయించిందని ఆ కాలపు చరిత్రకారుడు తూర్ బిషప్ గ్రెగరీ చాలానే రాశాడు. ఆ పేరులో "ఫ్రెడ్" అంటే శాంతి, తెలుసా! శాంతి అని పేరు పెట్టుకుని ఆ పనులు. పేరుకి అర్థం వెతికేవాళ్ళకి ఆవిణ్ణి చూపించాలి. అదే గ్రెగరీ మన రాడెగుండ్ అంత్యక్రియలకి స్వయంగా వెళ్ళాడు.

జవాబు (ఆఫీసు కాగితాలు నాకొదిలెయ్యండి)

చరిత్ర మీరు చెప్పారు, నేను రూల్స్ చెబుతాను. పుట్టిన వారం లోపు స్టాండెసామ్ట్‌కి (జననాలు నమోదు చేసే ఆఫీసు) తెలియజేయాలి, హాస్పిటల్లో పుడితే ఆ పని వాళ్ళే చేస్తారు. పేరు అప్పటికి తేలకపోతే నెల వరకు టైముంది, కంగారు పడొద్దు. పాత జర్మన్ పేరుకి అభ్యంతరం ఏమీ ఉండదు, ఇబ్బంది ఎప్పుడూ మన పేర్లకే. కిరణ్ అని ఆడపిల్లకి పెడితే, ఆడో మగో తెలియట్లేదని ఒప్పుకోలేదు. చివరికి 2008లో రాజ్యాంగ కోర్టు తల్లిదండ్రుల వైపు తీర్పిచ్చింది. ఇంకోటి, రెండు పేర్లు పెడితే ఏది ముందు, ఏది వెనక అన్నది తర్వాత మార్చుకోవచ్చు, 2018 నవంబర్ నుంచి ఆ వీలుంది. కాబట్టి ఆ విషయంలో ఇప్పుడే కొట్టుకోకండి.

ప్రశ్న అడిగిన నేనే

అప్‌డేట్. నిన్న బామ్మగారింటికి వెళ్ళి కాగితం మళ్ళీ చూశాం. భూతద్దం దొరకలేదు, ఫోన్‌లో ఫొటో తీసి పెద్దది చేశాం. "ఉ" మీద నెలవంక ఉంది, అక్కా! అక్కణ్ణుంచి వేలితో లెక్కపెట్టుకుంటూ వెళితే చివర, సరిగ్గా మడత మీద, టేపు కింద, రెండు చిన్న గీతలు. రాడెగుండ్ కాదు, రాడెగుండె.

గుండె! అమ్మకి ఫోన్ చేసి చెప్పాను. ఈసారి నవ్వలేదు. "గుండెనా?" అని ఒకటికి రెండుసార్లు అడిగింది. నేను బామ్మగారికి గుండె అంటే మా భాషలో ఏంటో చెయ్యి పెట్టి చూపించాను. ఆవిడ ఆ కాగితం మడిచి నా చేతిలో పెట్టేశారు.

లీలా ముందో, రాడెగుండె ముందో ఇంకా తేలలేదు. మావారు మాత్రం పొద్దున్నుంచి పొట్ట దగ్గర నోరు పెట్టి గుండీ, గుండీ అని పిలుస్తున్నారు. అది చొక్కా బొత్తాం అని ఆయనకి ఇంకా చెప్పలేదు.