ఈజిప్టు తవ్వకాల్లో కెరీర్: అనుభవం ఉన్నవాళ్ళు చెప్పండి

నైలునది22: డిగ్రీ హిస్టరీ ఫైనల్ ఇయర్. చిన్నప్పుడు హైదరాబాద్ పబ్లిక్ గార్డెన్స్ మ్యూజియంలో మమ్మీని చూసినప్పట్నుంచీ ఇదే పిచ్చి. ఏ భాషలు నేర్చుకోవాలి, చివరికి ఉద్యోగం దొరుకుతుందా? ఇంట్లో ఒప్పుకోవట్లేదు.

కుండపెంకు: భాషల సంగతి నన్నడుగు. అందరూ హైరోగ్లిఫ్స్ (పాత ఈజిప్టు బొమ్మల లిపి) మీద మోజుపడతారు కానీ పాత రిపోర్టులు చాలావరకు ఫ్రెంచి, జర్మన్‌లో ఉంటాయి, అవి రాక నా మొదటి ఏడాదంతా ఏడుపే. లక్సర్‌లో మూడు సీజన్లు పెంకులు కడిగి, అంచులు కొలిచి, బొమ్మలు గీశా. బంగారం ముక్క ఒక్కటీ చూళ్ళేదు. కానీ ఓ పెంకు మీద కుమ్మరి వేలిముద్ర కనబడ్డ రోజు రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

గోదారిశ్రీను: ఇంత చదువెందుకండీ, హోవార్డ్ కార్టర్‌కి ఏ డిగ్రీ ఉంది? 17 ఏళ్ళకి బొమ్మలు గీయడానికి వెళ్ళాడు, ఫరో (ఈజిప్టు పాత రాజు) టుటాంఖమున్ సమాధి కనిపెట్టాడు.

కుండపెంకు: ఈ మాటకే నాకు ఒళ్ళు మండేది! 1891లో వెళ్ళాడు, సమాధి దొరికింది 1922లో. మధ్యలో అమర్నా తవ్వకాల్లో పెట్రీ అనే పురావస్తు శాస్త్రవేత్త దగ్గర పని నేర్చుకున్నాడు, తర్వాత పురావస్తు శాఖలో ఇన్‌స్పెక్టరుగా ఉండగా 1905లో సక్కారాలో ఫ్రెంచి టూరిస్టులతో గొడవైతే తన గార్డుల పక్షాన నిలబడి సారీ చెప్పనన్నాడు, ఆ ఏడాదే ఉద్యోగం వదిలేసి పెయింటింగులు అమ్ముకుని బతికాడు. ఇదంతా చదువు కాదా?

గోదారిశ్రీను: నేనన్నదీ అదేగా, క్లాసులో నేర్చుకోలేదు!

కుండపెంకు: ఇప్పుడలా కుదరదు బ్రదర్. ఈజిప్టు ప్రభుత్వం పర్మిషన్ లేకుండా పార కూడా దించనివ్వరు. తెలీకుండా పిల్లాణ్ణి తప్పుదారి పట్టించకండి.

ఎడారిగాలి: ఇద్దరూ కార్టర్ కార్టర్ అంటున్నారు, తవ్విన చేతులెవరివి? 1890ల్లో పెట్రీ కిఫ్ట్ ఊరివాళ్ళకి పని నేర్పాడు, తర్వాత వాళ్ళ పిల్లలు, మనవలు అదే పనిలో ఉన్నారు, కుఫ్తీలంటారు. మా సైట్‌లో రయీస్ (మేస్త్రీ) మట్టి రంగు చూసి కింద ఇటుక గోడుందన్నాడు, ఉంది. రిపోర్టులో ఆయన పేరు లేదు. అడిగితే ఆనవాయితీ లేదన్నారు. ఆ కోపం నాకింకా తగ్గలేదు.

శాతవాహనుడు: మన లింకు ఎవరూ చెప్పరేం? ఎర్రసముద్రం ఒడ్డున బెరెనికేలో ఒక్క జాడీలోనే 7 కిలోల పైన మన దేశపు మిరియాలు దొరికాయి, శాతవాహన నాణేలు రెండు దొరికినట్టు 2023లో ప్రకటించారు. తమ్ముడూ, బ్రాహ్మి లిపి నేర్చుకో.

కుండపెంకు: అది రోమన్ కాలం అండీ, ఫరోలది కాదు.

శాతవాహనుడు: కాలం ఏదైనా ఈజిప్టు మట్టేగా! మీ ఫరోల పక్కన మనవాళ్ళకి చోటివ్వరా?

నైలునది22: ఉద్యోగం సంగతి ఎవరూ చెప్పలేదు...

ఎడారిగాలి: నేను చెప్తా. పీహెచ్‌డీ అయ్యి తొమ్మిదేళ్ళు, అన్నీ ఏడాదికో కాంట్రాక్టు, నాలుగు ఊళ్ళు మారా. మీ నాన్నగారికి ఇది దాచకు. ఈలోపు జర్మన్ క్లాసులో చేరు, డ్రాయింగ్ వచ్చా?

నైలునది22: బానే వచ్చండి.

కుండపెంకు: అయితే రేపట్నుంచి మీ ఇంట్లో పగిలిన కుండ పెంకులు కొలిచి గియ్యి, నాకు పంపు, చూస్తా.