ఆరాస్‌లో ఆగిన అలెన్‌బీ మెగిద్దోలో ఎలా దూసుకుపోయాడు?

పాతపటం అడిగిన ప్రశ్న:
బ్రిటిష్ సేనాని ఎడ్మండ్ అలెన్‌బీ 1882లో ఇన్నిస్కిల్లింగ్ డ్రాగూన్లు అనే అశ్వికదళ పటాలంలో చేరాడు. దక్షిణాఫ్రికాలో జరిగిన బోయర్ యుద్ధంలో పేరు తెచ్చుకున్నాడు. 1910లో అశ్వికదళానికి ఇన్‌స్పెక్టర్ జనరల్ అయ్యాడు. మొదటి ప్రపంచ యుద్ధంలో, 1917 వసంతంలో ఫ్రాన్స్‌లోని ఆరాస్ దగ్గర జర్మన్ల మీద బ్రిటిష్ మూడో సైన్యాన్ని నడిపాడు, జూన్‌కల్లా ఆ పదవి పోయింది. ఈజిప్టుకు పంపిన ఆ మనిషే 1918 సెప్టెంబర్‌లో పాలస్తీనాలోని మెగిద్దో దగ్గర ఒట్టోమన్ (తుర్కీ) సైన్యాలను కొద్ది రోజుల్లో చెదరగొట్టాడు. ఇంతకీ మారింది మనిషా, నేలా? శత్రువు బలహీనంగా ఉన్నాడు కాబట్టి గెలిచాడు అనేవాళ్ల మాట ఎంతవరకు నిజం?

గుర్రపునాడా:
మనిషి పెద్దగా మారలేదండీ. ఆరాస్‌కు ఆయన మొదట అడిగింది 48 గంటల ఫిరంగి దాడే. శత్రువు తేరుకోకముందే కాల్బలాన్ని కదపాలన్నది ఆయన ఆలోచన. ఫ్రాన్స్‌లోని బ్రిటిష్ సేనల అధిపతి హేగ్ ఒప్పుకోలేదు, దాడి అంతకంటే చాలా ఎక్కువసేపు సాగింది. అయినా ఏప్రిల్ 9న కొన్నిచోట్ల మూడు మైళ్లకు పైగా చొచ్చుకెళ్లారు. ఫ్రాన్స్, బెల్జియంల మీదుగా సాగిన పశ్చిమ రంగంలో అప్పటికి అది గొప్పే.

చిక్కంతా ఆ తర్వాతే. గుండ్లు తవ్విపోసిన నేల మీదుగా ఫిరంగులను ముందుకు లాగాలి, పైన మంచు. ఈలోగా జర్మన్లు కొత్త దళాలను దింపేశారు. 11న అశ్వికదళం మోంషీ గ్రామం దాకా వెళ్లింది గానీ అక్కడినుంచి దారి లేదు. వీధుల్లో ఇరుక్కున్న గుర్రాల మీద గుండ్లు కురిశాయి. శత్రువు వరుసలో పడిన సందు మూసుకుపోయాక కూడా అలెన్‌బీ దాడులు ఆపలేదు. ముగ్గురు డివిజన్ కమాండర్లు నిరసన తెలిపింది అందుకే, అది ఆయన తప్పే.

ఎడారిబాట:
మెగిద్దో దగ్గర ఆయన ఏం చేశాడో చూస్తే మీ ప్రశ్నకు సగం జవాబు దొరుకుతుంది. దాడి జరగాల్సింది సముద్రం పక్కన, శత్రువును నమ్మించాల్సింది మాత్రం జోర్డాన్ లోయ వైపు. లోయలో కాన్వాసుతో చేసిన బొమ్మ గుర్రాలను వేల సంఖ్యలో నిలబెట్టారు, కంచరగాడిదలతో దుమ్ము లేపించారు. పగలు లోయలోకి కవాతు చేసిన దళాలనే రాత్రి లారీల్లో వెనక్కి తెచ్చారు. అసలు అశ్వికదళం తీరంలోని నారింజ తోటల్లో దాగింది. కదలికలన్నీ రాత్రిపూటే. పొయ్యి వెలిగించడానికి వీల్లేదు. తోటల కాలువల్లో నీళ్లు ఉండటంతో గుర్రాలను దూరం తోలి దుమ్ము లేపే పని తప్పింది.

సెప్టెంబర్ 19 తెల్లవారుజామున 4:30కి ఫిరంగులు మొదలయ్యాయి, పావుగంటసేపే. ఆరాస్‌తో పోల్చుకోండి! తీరం పక్కన దాదాపు 15 మైళ్ల మేర ఆయన కాల్బలం సుమారు 35,000, ఎదుట ఉన్నది 8,000 మంది. జనరల్ బుల్ఫిన్ నడిపిన 21వ కోర్ (కొన్ని డివిజన్ల కాల్బలం) శత్రువు లైనును చీల్చి, తలుపు రెక్కలా కొండల వైపు తిరిగింది. ఆ ఖాళీలోంచి జనరల్ షోవెల్ నడిపిన అశ్వికదళం ఉత్తరానికి పరుగెత్తింది. ఉత్తరాన మైదానంలోకి దారితీసే ముస్‌ముస్ కనుమను మూయడానికి బయల్దేరిన ఒట్టోమన్ దళం ఆలస్యమైంది, రాత్రికి రాత్రే గుర్రాలు కనుమ దాటేశాయి. 20న నజరేతు, సాయంత్రానికి బీసాన్ పట్టణాలకు చేరారు. నజరేతులో ఉన్న ఒట్టోమన్ సైన్యాల అధిపతి లిమాన్ ఫాన్ సాండర్స్ త్రుటిలో తప్పించుకున్నాడు.

పాతపటం:
మరి 1917లో పాలస్తీనా దక్షిణాన ఉన్న బీర్షెబా? అక్కడా గుర్రాలతోనే గెలిచారు కదా?

గుర్రపునాడా:
అక్కడ మొత్తం లెక్క నీళ్లదండీ. అక్టోబర్ 31న పొద్దు వాలేలోపు బావులు చేతికి రాకపోతే గుర్రాలను చాలా దూరం వెనక్కి తోలాల్సి వచ్చేది. అందుకే ఆస్ట్రేలియన్ లైట్ హార్స్ అనే గుర్రపు దళాలతో ఆ చివరి దౌడు తీయించారు. వాళ్లకు కత్తులు లేవు, బయొనెట్లే చేత పట్టుకుని దూకారు. కత్తులు 1918లో గాని రాలేదు.

ఎడారిబాట:
శత్రువు బలహీనత నిజమే, తిండికీ బండ్లకూ కరువు. కానీ అదే శత్రువు 1918 మార్చిలో జోర్డాన్ నది అవతల అమ్మాన్ దగ్గర, మళ్లీ మే మొదట్లో అక్కడే అస్సాల్ట్ అనే ఊరి వైపు ఆయన దళాలను వెనక్కి తిప్పికొట్టాడు. రెండుసార్లూ కొండదారులు, చేతికి అందని సరఫరా. పైగా ఆ వసంతంలోనే అనుభవమున్న బ్రిటిష్ డివిజన్లను ఫ్రాన్స్‌లోని యుద్ధరంగానికి లాక్కున్నారు. వాటి స్థానంలో వచ్చినవి ఎక్కువగా భారతీయ పటాలాలు. శిక్షణకు వేసవంతా పట్టింది. కాబట్టి బలహీనత ఒక్కటే కారణమైతే మే నెలలోనే పని అయిపోవాలి.