సమస్య: "దీప మార్ప నీడ తేటపడెను"

ఈ వారం సమస్య ఆటవెలది నాలుగో పాదం; పై మూడు పాదాలు రాసి పూరించాలి. దీపం ఆరితే నీడ ఉండకూడదు, ఇక్కడ ఇంకా స్పష్టంగా కనబడుతోంది. పూరణ మాత్రం రాబర్ట్ వీనె తీసిన జర్మన్ మూకీ 'ద కేబినెట్ ఆఫ్ డాక్టర్ కాలిగరీ' మీదే ఉండాలి. సంతలో కాలిగరీ ఒక పెట్టె తెరిచి, నిద్రలో నడిచే సెజారెను చూపిస్తాడు. ఊళ్లో హత్యలు జరుగుతుంటాయి.

మొదటి పూరణ:

బెర్లినందు వెలుగు పెద్దహాలునఁ జేరి
జనులు కూరుచుండఁ జప్పుడణగె
బొమ్మ మొదలుపెట్టఁ బూనిన పనివాఁడు
దీప మార్ప నీడ తేటపడెను

నిర్వాహకుడు: ధార హాయిగా ఉంది. 1920 ఫిబ్రవరి 26న బెర్లిన్‌లోని మార్మర్‌హౌస్ థియేటర్‌లో పడిన తొలి ఆట కళ్లకు కట్టింది. కానీ 'బెర్లిన్' తీసేస్తే ఈ పద్యం మన ఊరి టూరింగ్ టాకీస్‌కూ సరిపోతుంది. ఈ సినిమాకే చెందినది ఇంకా రావాలి.

రెండో పూరణ:

బట్టమీద నీడ పడినట్లు చిత్రించి
నటుని నీడ దాని నడ్డుచుండ
అసలు నీడ పోవునట్లుగా నొక్కఁడు
దీప మార్ప నీడ తేటపడెను

నిర్వాహకుడు: అసలు సంగతి పట్టుకున్నారు! ఈ సినిమా సెట్లు వేసిన హెర్మన్ వార్మ్, వాల్టర్ రైమన్, వాల్టర్ రోరిగ్ వంకర వీధులతోపాటు వెలుగునీడల్ని కూడా రంగులతోనే గీశారు. దీపం వల్ల పుట్టని నీడ దీపంతో పోదు. అక్కడే ఆగితే, చీకట్లో అదీ కనబడదు కదా అని అడిగేవాణ్ణి. నటుడి నీడను తొలగించి 'తేటపడెను'కు న్యాయం చేశారు. ఒక్క లోపం: గీసింది చిత్రకారులు, అడ్డింది నటుడి నీడ. 'చిత్రించి' లాంటి క్త్వార్థానికీ తర్వాతి క్రియకూ కర్త ఒకరే ఉండాలి, ఇక్కడ మారింది. 'చిత్రింప' అంటే గణం చెడదు, అన్వయం కుదురుతుంది.

సభ్యుడు: సవరించుకున్నాను గురువుగారూ. సెట్‌లో ఇలా జరిగిందని కాదు, నా ఊహ.

నిర్వాహకుడి పూరణ:

పగలు పెట్టెలోనఁ బడియుండి రాతిరి
కలల నడకవాఁడు గదికి వచ్చె
గోడమీదఁ జావు గురుతుంచి సఖు జీవ
దీప మార్ప నీడ తేటపడెను

సభ్యురాలు: 'జీవ' అని పై పాదం చివర పెట్టి దీపం అర్థమే మార్చేశారు! "నేనెన్నాళ్లు బతుకుతాను?" అని కథానాయకుడి స్నేహితుడు ఆలన్ అడిగితే "తెల్లవారే దాకా" అంటాడు సెజారె. అప్పటినుంచి నాకు ఒకటే టెన్షన్. ఆ హత్యలో మనకు గోడమీద నీడలే కనిపిస్తాయి. కానీ గురువుగారూ, చావు గురుతు ఏమిటి? సెజారె గోడమీద ఏమీ వదలడు కదా.

నిర్వాహకుడు: పొడిచే చేతి నీడే ఆ గురుతమ్మా. మీరు అడగాల్సి వచ్చిందంటే పద్యం ఆ మాట చెప్పలేదన్నమాట. 'గోడమీదఁ గత్తి గురుతుంచి' అని మారుస్తున్నాను.