లొల్లార్డుల గురించి తెలిసినవాళ్లు చెప్పరా?

ప్రశ్న (నల్లగొండ):
ఎల్లుండి ఎంఏ ఇంగ్లీషు సెమినార్. యాన్ హడ్సన్ 1988లో లొల్లార్డుల మీద రాసిన 'ది ప్రిమెచ్యూర్ రిఫర్మేషన్' నాకు పడింది, నలభై పేజీలు కూడా దాటలేదు, ఒకటే టెన్షన్. మతాన్ని ధిక్కరించడానికీ జనం భాషకీ ఏం సంబంధం?

జవాబు (మహబూబ్‌నగర్):
తమ్ముడూ, లొల్లార్డులంటే ఇంగ్లండ్‌లో చర్చిని ప్రశ్నించిన ఆక్స్‌ఫర్డ్ పండితుడు విక్లిఫ్ దారి పట్టినవాళ్లు. బైబిల్ లాటిన్‌లోనే ఎందుకుండాలని ఇంగ్లీషులోకి తెచ్చుకున్నారు, దాంతో ఆర్చ్‌బిషప్ అరండల్ 1409లో అనుమతి లేని అనువాదాలు చదవొద్దన్నాడు. అయినా ఆ బైబిల్ రాతప్రతులు 250 దాకా ఇప్పటికీ ఉన్నాయంటే ఎంతమంది దాచుకున్నారో చూడు. 1384లో చనిపోయిన విక్లిఫ్ ఎముకల్ని 1428లో తవ్వి తీసి, కాల్చి, బూడిద స్విఫ్ట్ అనే ఏట్లో కలిపారు, చర్చికి అంత కోపం! హడ్సన్ గొప్పతనం ఏంటంటే వాళ్ల ప్రసంగాలు, 294 ఉన్నాయి, ప్రతులన్నీ పోల్చి చూసి ఇది చదువురానివాళ్ల గోల కాదు, ఆక్స్‌ఫర్డ్‌లో మొదలైన ఆలోచన అని చూపించింది.

జవాబు (దేవరకొండ):
మన పాల్కురికి సోమన జాను తెనుగు, ద్విపద కూడా అలాంటిదే కదా?

జవాబు (మహబూబ్‌నగర్):
కొంతవరకే అన్నా. సోమన మీద అరండల్ లాంటోడు లేడు.

ప్రశ్న అడిగినవారు:
థాంక్సన్నా, ఎముకల ముచ్చటతోనే మొదలుపెడతా.