పీహెచ్‌సీల్లో తెమడ స్లైడు ఆపేయాలా? ట్రూనాట్ ఒక్కటే చాలా?

ఏజెన్సీ_ఎల్‌టీ:
టీబీ అనుమానం ఉన్నవాళ్లకి మొదటి పరీక్షే న్యాట్ (తెమడలో టీబీ క్రిమి డీఎన్‌ఏని మిషను మీద వెతికే పరీక్ష) కావాలని, అంటే ట్రూనాటో సీబీనాటో చేయాలని జాతీయ కార్యక్రమం చెబుతోంది. మంచిదే. దాంతో "ఇక మైక్రోస్కోప్ ఎందుకు, బట్ట కప్పేయండి" అనే మాటా మొదలైంది. నేను ఏజెన్సీలో పీహెచ్‌సీ ల్యాబ్ టెక్నీషియన్ని. మిషను మా దగ్గర లేదు, శాంపిల్ పంపాలి. అక్కడ ట్రూనాట్ మిషన్లో పెట్టే టెస్టు చిప్పులు అయిపోయాయని కబురొచ్చిన వారం, కొండ దిగి వచ్చిన మనిషికి ఏం చెప్పాలి? స్లైడు వేసి చూడాలా, ఆగమనాలా?

ఊపిరి_డాక్టర్:
రోగ నిర్ధారణకి స్లైడును నమ్ముకోకూడదు. మిల్లీలీటరు తెమడలో 5,000 నుంచి 10,000 బాసిల్లై, అంటే టీబీ క్రిములు, ఉంటేగానీ మైక్రోస్కోప్ కింద దొరకవు. సీబీనాట్ మిషన్లో చేసే ఎక్స్‌పర్ట్ అల్ట్రా టెస్టుకి 16 ఉన్నా చాలు. కల్చర్‌లో (క్రిమిని ల్యాబులో పెంచి చూసే పరీక్షలో) తేలిన కేసుల్లో స్లైడుకి చిక్కేవి సగానికి కాస్త అటూ ఇటూ. హెచ్‌ఐవీ ఉన్నవాళ్లలో ఇంకా తక్కువ, చిన్నపిల్లలైతే తెమడే తీయలేరు. చిక్కినా, టీబీకి ముఖ్యమైన మందు రిఫాంపిసిన్ పనిచేస్తుందో లేదో స్లైడు చెప్పదు. ఎక్స్‌పర్ట్‌కి డబ్ల్యూహెచ్‌వో 2010లోనే సరేనంది. గోవాలో తయారయ్యే ట్రూనాట్‌కి 2020లో అంది. ఇంకా కోచ్ కాలం నాటి రంగులు పట్టుకుని వేలాడటం ఏంటి?

స్లైడ్‌బాక్స్:
డాక్టరుగారూ, అంకెలు కాదనను. రిటైరయ్యేదాకా ల్యాబ్ సూపర్‌వైజర్‌గా ఊరూరా తిరిగినవాణ్ణి. స్లైడు వేస్తుంటే ఎప్పుడైనా పక్కన నిలబడ్డారా? చీపురుపుల్ల విరిచి, డబ్బాలో చిక్కగా పసుపుపచ్చగా ఉన్న ముక్కను వెతికి తీయాలి. రెండు బై మూడు సెంటీమీటర్లు పరచాలి. ఆరాక స్లైడు కింద పేపరు పెడితే అక్షరాలు కనబడాలి, లేదంటే మందం ఎక్కువైనట్టు. కార్బోల్ ఫుక్సిన్ పోసి కింద మంట చూపిస్తే ఆవిరి లేవాలి గానీ మరగకూడదు. 25 శాతం సల్ఫ్యూరిక్ యాసిడ్‌తో రంగు దించి, మిథిలీన్ బ్లూ పోస్తే అప్పుడు నీలం మీద గులాబీ పుల్లలు, అవే బాసిల్లై. నెగటివ్ అని రాయాలంటే 100 ఫీల్డులు, అంటే లెన్సు కింద ఒక్కోసారి కనబడే గుండ్రటి చోట్లు, చూడాలి. రోజుకి 20, 25 స్లైడులు దాటితే కళ్లు మోసం చేస్తాయి. ఓపీ ఒత్తిడిలో నాలుగు ఫీల్డులు చూసి "నెగ్" కొట్టేస్తే ఆ తప్పు మైక్రోస్కోప్‌దా? డబ్బాలో తెమడకి బదులు ఉమ్మి తెస్తే మీ ట్రూనాట్ మాత్రం ఏం చేస్తుంది?

గోదారిఖని_పోరడు:
మీరిద్దరు కొట్లాడుకోండ్రి గానీ, మా పెద్దబాపు సంగతి చెప్త. షుగర్ మనిషి. దగ్గు తగ్గుతలేదని పోతే రెండుసార్లు తెమడ చూసి నెగటివ్ అన్నరు. యాంటీబయాటిక్ రాసి పంపిన్రు. బరువు సగమైనంక ఇంకో దగ్గర సీబీనాట్ చేస్తే టీబీ ఉన్నదని, రిఫాంపిసిన్‌కు లొంగదని తేలింది. ఇంట్ల చిన్నపిల్లలున్నరు. ఆ నెగటివ్ కాయితం చూసే కదా మేం నిమ్మళంగ ఉన్నది?

ఊపిరి_డాక్టర్:
ఇదే నా గొడవ. స్లైడులో కనబడలేదంటే కనబడలేదనే అర్థం. రోగం లేదని కాదు. కాయితం మీద మాత్రం జనం అలాగే చదువుకుంటారు. అసలు దగ్గు లేకుండా తిరిగేవాళ్ల సంగతేంటి? 2019–21 జాతీయ సర్వేలో ఎక్స్‌రే తీయకపోయుంటే 42.6 శాతం కేసులు జారిపోయేవి.

స్లైడ్‌బాక్స్:
ఆ తమ్ముడి బాధకి నా దగ్గర జవాబు లేదు. కానీ మందులు మొదలుపెట్టాక రెండు నెలలకి పేషెంటుని దేంతో చూస్తారు సార్? న్యాట్‌తో చూస్తే చచ్చిన బాసిల్లై డీఎన్‌ఏకి కూడా పాజిటివ్ కొడుతుంది. అక్కడ స్లైడే గతి.

ఎంఎల్‌టీ_సెకండియర్:
సార్, చచ్చినవి స్లైడులో కూడా రంగు పడతాయి కదా? మా మేడమ్ అలాగే చెప్పారు.

ఊపిరి_డాక్టర్:
మీ మేడమ్ కరెక్ట్. బతికున్నాయో లేదో తేల్చేది కల్చర్ ఒక్కటే. లిక్విడ్ కల్చర్ నెగటివ్ అనడానికే 42 రోజులు పడుతుంది. అందుకే రెండు నెలలకి స్లైడు పాజిటివ్ వస్తే కల్చర్‌కీ మందుల పరీక్షకీ పంపుతాం. అయితే 3 ప్లస్ (బాసిల్లై చాలా ఎక్కువ) నుంచి స్కాంటీకి (ఏవో కొన్ని) దిగిందా లేదా అన్నది స్లైడు ఉన్న ఊళ్లోనే చూపిస్తుంది. ఈ ఒక్కచోట స్లైడ్‌బాక్స్ గారితో నాకు పేచీ లేదు.

సూక్ష్మదర్శిని:
మైక్రోబయాలజీ పీజీని. తెమడ అంటే టీబీ ఒక్కటేనా? స్లైడు 2 ప్లస్ ఉండి న్యాట్‌లో టీబీ లేదని వస్తే, అది వేరే జాతి మైకోబాక్టీరియా కావచ్చు. మందులు వేరు. ఆ అనుమానం పుట్టించేదే స్లైడు. న్యుమోనియాకి గ్రామ్ స్టెయిన్ అనే ఇంకో రంగు పరీక్ష ఉంది. లో పవర్ ఫీల్డులో నోటి పొర నుంచి రాలే ఎపితీలియల్ కణాలు 10 లోపు, చీము కణాలు 25 పైన ఉంటేనే అది ఊపిరితిత్తుల శాంపిల్, లేకపోతే నోటి నీళ్లు. మణిపూర్, అరుణాచల్ వైపు సరిగ్గా ఉడకని పీతలు తిన్నవాళ్లకి పారాగోనిమస్ అనే పురుగు పడుతుంది. రక్తం పడే దగ్గు, అచ్చం టీబీలాగే. తెమడను తడిగా చూస్తే దాని గుడ్లు కనిపిస్తాయి. ఏ టీబీ చిప్పూ ఇది చెప్పదు.

ఏజెన్సీ_ఎల్‌టీ:
సరే, నా ప్రశ్నకి రండి. నేను అనుకుంటున్నది ఇది. రెండు డబ్బాలు తీసుకుంటాను. ఒకదాంతో ఆ రోజే స్లైడు. పాజిటివ్ అయితే నిక్షయ్‌లో (టీబీ కేసుల ప్రభుత్వ పోర్టల్‌లో) ఎక్కించి డాక్టరుగారికి చెబుతాను. రెండోది ఎలాగైనా న్యాట్‌కే. నెగటివ్ అయితే రిపోర్టులో "టీబీ లేదు" అని రాయను, "బాసిల్లై కనబడలేదు, న్యాట్‌కి పంపాం" అని రాస్తాను.

ఊపిరి_డాక్టర్:
చిప్పులు లేని వారానికి ఒప్పుకుంటా. చిప్పులున్నప్పుడు కూడా ముందు స్లైడే అంటే మాత్రం ఒప్పుకోను. నెగటివ్ కాయితం చేతిలో పడగానే సగం మంది రెండో డబ్బా సంగతి మర్చిపోయి కొండెక్కేస్తారు.

గోదారిఖని_పోరడు:
ఆ "న్యాట్‌కి పంపాం" అన్నదాన్ని పెద్ద అక్షరాలల్ల రాయి అన్నా.

ఏజెన్సీ_ఎల్‌టీ:
తప్పకుండా తమ్ముడూ. శనివారం సాయంత్రం వచ్చినవాళ్ల శాంపిల్ సంగతేంటి? బండి సోమవారం గానీ రాదు.

స్లైడ్‌బాక్స్:
మూత గట్టిగా బిగించి ఫ్రిజ్‌లో పెట్టు, 2 నుంచి 8 డిగ్రీల మధ్య. వ్యాక్సిన్ ఫ్రిజ్ జోలికి మాత్రం పోకు. పేరు, నంబరు డబ్బా ఒంటి మీద రాయి, మూత మీద కాదు. మూతలు మారిపోతాయి.